కదలనీయని వ్యాధులు – కదలక యుండనీయని వ్యాధులు

మనము మంచినీళ్ల చెంబు నందుకొనునపుడు ఎన్ని కండరములు పనిచేయునో లెక్కింపము. చేయి చాపవలెనని తలంచుటయే తడవుగా చేయి సాగును. చెంబు బరువును బట్టి పట్టు బిగియును. పెదవుల కానించునపుడు తల తగినంతగా వంగును. ఆ సమయమున రెండవ చేయి తన చోట తాను నిశ్చలముగా నుండును. ఈ రెండవ సంగతి మనకు తోచదు. కదలవలసిన అవయవమును కదలించుట యెంత పనియో, కదలరాని దానిని ఊరక యుంచుటయు అంత పనియే. ఈ రెండు పనులలో ఒకటి చెడుటవలన కలుగు వ్యాధులు కొన్ని కలవు. ఒక తెగ వ్యాధులలో మనిషి కదలలేడు. మఱియొక తెగలో కదలక యుండలేడు.

మన యిండ్లలోను బళ్లలోను ఈ రెండు తెగలవారును కనబడుదురు. కాని వారిని రోగులని తలంచుట అరుదు. తాతగారు స్నానమునకు గంటసేపు తీసికొనిన ముసలితన మందుము. పిలిచిన వెంటనే లేవకున్న మొండితన మందుము. బడిలో కుఱ్ఱవాడు మాటిమాటికి రెప్పలు కొట్టుచు భుజ మెగురవేయుచుండిన కొంటెతనమని బెత్తము చూపుదుము. ఆడపిల్లకు కాలుసేతులు వాటంతట అవియే ఆడుచుండిన, గాలి సోకినదని తాయెత్తు కట్టించుటకు పరుగెత్తుదుము. ఈ నాలుగు సందర్భములలోను లోపము గుణమునందు గాక మెదడునందే యుండవచ్చును.

మొదటి తెగలో ముఖ్యమైనది పార్కిన్సను వ్యాధి. లండను నగరమున హాక్‌స్టను పేటలో వైద్యము చేయుచుండిన జేమ్సు పార్కిన్సను 1817లో ‘వణకు పక్షవాతము’ను గూర్చి ఒక చిన్న గ్రంథమును ప్రకటించెను. అందు వర్ణింపబడినవారు ఆర్గురు మాత్రమే. వారిలో ఇద్దరిని ఆయన వీధిలో తారసిల్లి చూచెను; ఒకనిని దూరమునుండి మాత్రమే చూచెను. ఏ యంత్రసాధనమును లేక కంటిచూపుతో పట్టిన ఆ గుర్తులే నేటికిని వైద్యులు మొట్టమొదట చూచునవి. తరువాత పారిసు నగరమున షార్కో అను వైద్యుడు ఆ వ్యాధికి పార్కిన్సను పేరు నిలిపెను. వణకు లేకయే ఈ వ్యాధి యుండవచ్చుననియు, రోగికి కండరబలము నిజముగా అంతగా పోవదనియు ఆయన చూపెను. అనగా ‘వణకు’ అను మాటయు ‘పక్షవాతము’ అను మాటయు రెండును దీనికి సరిగా అతుకవు!

ఇది చాలమందికి అరువదియేండ్ల ప్రాంతమున, కొందరికి నలువదిలోనే, ఒక ప్రక్క చేతితో మొదలగును. చేయి ఒడిలో ఊరక యున్నపుడు బొటనవ్రేలును చూపుడువ్రేలును మాత్ర చుట్టుచున్నట్లు ఆడుచుండును. ఏదైన పట్టుకొనబోయిన ఆ వణకు తగ్గును. వణకుకంటె బాధించునది మాంద్యము. చొక్కా గుండీలు పెట్టుకొనుట, అన్నము కలుపుకొనుట, మంచముమీద ఒత్తిగిలుట – ఇవన్నియు ప్రయత్నపూర్వకముగా చేయవలసిన పనులగును. నడచునపుడు ఒక చేయి ఊగదు. గొంతు సన్నగిల్లును. వ్రాత మాఱును: పంక్తి మొదట మామూలుగా నున్న అక్షరములు పోను పోను చిన్నవై, తలకట్టులును గుడులును ఒకదానితో నొకటి కలిసిపోవును. పదియేండ్లనాటి జాబును నేటి జాబును ప్రక్కప్రక్కన బెట్టి చూచిన ఈ మార్పు పిల్లలకు సహితము తెలియును. వీనికంటె ముందే, కొన్ని యేండ్లనుండి, వాసన తెలియకపోవుటయు మలబద్ధమును ఉండవచ్చును.

అన్నిటిలో మనసు నొప్పించునది ముఖము. ముఖమున భావము కనబడదు. రెప్పలు అరుదుగా కొట్టుకొనును. మనుమరాలు ఎంత నవ్వించినను నవ్వని తాతను చూచి, ఆయనకు తనమీద ప్రేమ తగ్గినదని ఆ పిల్ల తలంచును. నవ్వు లోపల కలిగియే యుండును. దానిని ముఖమునకు తెచ్చు కండరములకు ఆజ్ఞ అందదు.

ఆ ఆజ్ఞ ఎక్కడ ఆగుచున్నది? కదలికకు ఆజ్ఞ మెదడు పైపొరనుండి వెడలును. కాని వెడలుటకు ముందు అది మెదడు లోతున నున్న కొన్ని నాడీకణముల ముద్దలను చుట్టి రావలెను. వీనిని బేసల్ గాంగ్లియా అందురు. ఇవి చేయు పని పల్లెటూరి పిల్లలకు సులభముగా బోధపడును. చెరువు తూములను చూచితిరి గదా! తూము తలుపు మామూలుగా మూసియే యుండును. ఏ మడికి నీరు కావలెనో ఆ మడి తూమును మాత్రమే నీరుగంటి ఎత్తును. తక్కినవానిని మూసి యుంచును. మెదడులోని ఈ ముద్దలును అట్లే కావలసిన కదలికను విడిచి, అక్కఱలేని కదలికలను ఆపును. తలుపు సులువుగా లేచుటకు డోపమైను అను రసాయనము కావలెను. దానిని తయారుచేయు కణములు మధ్యమెదడులో నల్లని చారవలె కనబడును. పార్కిన్సను వ్యాధిలో నశించునవి ఇవియే. లక్షణములు బయటపడునప్పటికే వానిలో సుమారు సగము పోయియుండును. అంతట తూము తలుపు బిగుసుకొనిపోవును, ఎత్తదలచినను లేవదు. ఇక అడ్డు పెట్టవలసిన కణములు చెడినచో నీరు వలదన్న మడులలోనికిని పాఱును. కదలక యుండనీయని వ్యాధులు చాలవఱకు అట్టివి. మెదడు చెరువుకంటె వేయిరెట్లు చిక్కైనదని వేఱుగ చెప్పనక్కఱలేదు; అయినను పరస్పరవిరుద్ధములుగా తోచు ఈ రెండు తెగల వ్యాధులును చాలమట్టుకు ఒక్క చోటనే పుట్టుచున్నవని గ్రహించుట కీ పోలిక చాలును.

ఈ సంగతి వెల్లడియగుటకు మన దేశమున పెరుగు రెండు మొక్కలతో సంబంధము కలదు. మొదటిది సర్పగంధి. దీని వేరును మన వైద్యులు ఉన్మాదమునకు చిరకాలముగా వాడుచుండిరి. 1949లో బొంబాయి వైద్యుడగు రుస్తుం జాల్ వకీలు, రక్తపు పోటును తగ్గించుటలో దీని గుణమును ఒక ఇంగ్లీషు వైద్యపత్రికలో ప్రకటించెను. 1952లో స్విట్జర్లాండు దేశపు శాస్త్రజ్ఞులు ఆ వేరులోని సారమును వేఱుచేసి రిసర్పిను అని పేరిడిరి. దీనిని మిక్కుటముగా పుచ్చుకొనిన మానసిక రోగులలో కొందరు పార్కిన్సను రోగులవలెనే బిగుసుకొని వణకజొచ్చిరి. స్వీడను దేశమున ఆర్విడ్ కార్ల్‌సను 1957లో కుందేళ్లకు రిసర్పిను ఎక్కించగా అవి చెవులు వ్రేలవేసి కదలక పడియుండెను. వానికే డోపా అను పదార్థమును ఎక్కించగా కొంతసేపటిలో లేచి తిరుగాడెను. రిసర్పిను మెదడులోని డోపమైను నిలువను ఖాళీ చేయుననియు, డోపా ఆ లోటును పూడ్చుననియు తేలినది. ఈ పరిశోధనకై కార్ల్‌సనునకు 2000 సంవత్సరమున నోబెలు బహుమాన మీయబడెను. నడుమ 1960లో వియన్నాలో ఎరింగరు, హోర్నికీవిచ్ అనువారు చనిపోయిన పార్కిన్సను రోగుల మెదళ్లను పరీక్షించి, వానిలో డోపమైను మిక్కిలి తక్కువగా నుండుట కనిపెట్టిరి. మఱుసటి యేడు అదే నగరమున రోగులకు డోపా సూదిమందుగా నీయబడెను. 1967లో అమెరికాలో కోట్జియాసు దానిని నోటి మందుగా కొద్దికొద్దిగా హెచ్చించి యిచ్చుట నేర్పెను. డోపమైనునే ఏల ఈయరాదని అడుగుదురేమో. అది రక్తమునుండి మెదడులోనికి చొరలేదు, డోపా చొరగలదు.

రెండవ మొక్క దూలగొండి. కాయమీది నూగు తగిలిన ఒళ్లెల్ల దురద పుట్టును గనుక కంచెల వెంట తిరుగు పిల్లలకు దీని పరిచయ మక్కఱలేదు. దీని గింజలు ఆయుర్వేదమున కపికచ్ఛువను పేర వాడుకలో నున్నవి. 1937లో మదరాసు విశ్వవిద్యాలయపు జీవరసాయన ప్రయోగశాలలో ఎం. దామోదరన్, ఆర్. రామస్వామి అనువారు ఈ గింజలనుండి డోపాను వేఱుచేసిరి. అది పార్కిన్సను రోగుల చేతికి మాత్రగా వచ్చుటకు ముప్పదియేండ్లకు ముందు జరిగిన పని యిది! అప్పటికి మెదడులో డోపమైను చేయు పని లోకమున కెవరికిని తెలియదు. మన రాజధానిలో ఇట్టి పని జరిగినదని మన పిల్లల కెవరును చెప్పరు. అట్లని గింజలు దంచి తాతగారికి పెట్టరాదు. 2004లో లండనులో 8 మంది రోగులమీద పరీక్షింపగా గింజలపొడి మాత్రకంటె త్వరగా పనిచేసిన మాట నిజమే. కాని అది కొలచి ఇచ్చిన పొడి. ఒక చెట్టు గింజలోని డోపా మఱియొక చెట్టు గింజలోని దానితో సమానముగా నుండదు. ఇదివఱకే మాత్రలు పుచ్చుకొనువానికి ఇదియు తోడైనచో మందు మితిమీరును.

మితిమీరిన నేమగును? ఇచ్చటనే రెండు తెగలును కలిసికొనుచున్నవి. కొన్ని యేండ్లు డోపా వాడినవారిలో అనేకులకు, మందు ఉధృతముగా నున్న గంటలలో మెడ, భుజములు, కాళ్లు మెలికలు తిరుగుచు ఆడజొచ్చును. మందు దిగినపుడు మరల బిగుసుకొనిపోవుదురు. ఒక్క దినముననే ఒక్క మనిషి కదలలేనివాడును కదలక యుండలేనివాడును అగును. మోతాదును, వేళను సర్దుట వైద్యుని పనియే గాని మనది కాదు. మాత్రలతో అదుపు కుదురని కొందరికి, మెదడు లోతున సన్నని తీగలు దించి విద్యుత్తును పంపు చికిత్స కలదు. ఇది ఫ్రాన్సులో గ్రెనోబ్లు నగరమున 1987లో మొదలైనది.

ఇక కదలక యుండనీయని వ్యాధులు. వీనిలో పాఠశాలకు మిక్కిలి సంబంధించినది సిడెన్‌హాం కొరియా. కొరియా యనగా గ్రీకుభాషలో నర్తనము. ఆంగ్ల వైద్యుడు థామసు సిడెన్‌హాం దీనిని 1686లో వర్ణించెను. ఐదు మొదలు పదునైదేండ్లలోపు పిల్లలకు, అందు ఆడపిల్లల కెక్కువగా, ఇది వచ్చును. ముందు గొంతునొప్పి, జ్వరము వచ్చి తగ్గును. ఇంటిలో అందరును దానిని మఱచిపోవుదురు. గొంతులో చేరిన స్ట్రెప్టోకాకసు అను సూక్ష్మజీవిని ఎదిరించుటకు దేహము తయారుచేసికొనిన పదార్థములే పొరబాటున మెదడులోని ఆ ముద్దలను తాకును. కొన్ని వారములకో నెలలకో పిల్ల చేతిలోని పలక జాఱును. అన్నము ముద్ద నోటికి పోక ప్రక్కకు పోవును. అక్షరములు గజిబిజి యగును. మొగము వికారముగా కదలును. నాలుక చాపి నిలుపుమన్న నిలుపలేదు. మన వ్రేలిని పట్టుకొమ్మన్న పట్టు బిగియుచు సడలుచు పాలు పిదుకునట్లుండును. కారణములేక ఏడ్చును, విసుగుకొనును. పంతులుగారు అశ్రద్ధ యని దండింతురు. అమ్మ గిన్నె పగులగొట్టినదని కొట్టును. పిల్ల సిగ్గుపడి చేతులు లంగా కుచ్చెళ్లలో దాచుకొనును. నిద్రలో మాత్రము అన్నియు నిశ్చలములగును.

ఈ కదలికలు చాలమందికి కొన్ని నెలలలో తగ్గును. తగ్గినవని సంతోషించి ఊరకుండుటయే అపాయము. దీనికి మూలమైన కీళ్లవాతజ్వరము గుండె కవాటములను చెఱచును. ఆ చెఱుపు పిల్ల పెద్దదై కాన్పుల నాటికి బయటపడవచ్చును. కావున ఆ నర్తనము చూచిన వెంటనే గుండెను పరీక్షింపించవలెను. వైద్యుడు చెప్పినన్ని యేండ్లు మూడు నాలుగు వారముల కొకసారి పెనిసిలిన్ సూదిమందు తప్పక వేయింపవలెను. తాయెత్తు కట్టించిన ఇంటిలో పోవునది ఈ కాలమే.

పెద్దలలో వచ్చు నర్తనవ్యాధికి హంటింగ్టను వ్యాధి యని పేరు. అమెరికాలోని లాంగ్ ఐలండులో తాత, తండ్రి, తాను మూడు తరములుగా వైద్యులైన కుటుంబమున పుట్టిన జార్జి హంటింగ్టను ఇరువదిరెండేండ్ల వయసున 1872లో దీనిని వర్ణించెను. బాల్యమున తండ్రి బండిలో పోవుచు, దారిలో మెలికలు తిరుగుచు నడచుచున్న తల్లీకూతుళ్లను చూచుట ఆయన మనసున నాటుకొనెనట. తల్లిదండ్రులలో ఒకరికున్నచో ప్రతి బిడ్డకును సగమునకు సగము అవకాశము. మగబిడ్డకును ఆడుబిడ్డకును ఒక్కటే. సాధారణముగా ముప్పది నలువదియేండ్ల నడుమ ప్రారంభమై, కదలికలతోబాటు బుద్ధిని స్వభావమును కూడ మార్చును. 1993లో దీనికి కారణమైన జన్యువు కనుగొనబడినది. వ్యాధిని మాన్పు మందు ఇంకను లేదు. అయితే నర్తనమును తగ్గించు టెట్రాబెనజైను అను మాత్ర కలదు. అది రిసర్పినువలె డోపమైను నిలువను తగ్గించును. పార్కిన్సను రోగికి కీడు చేయునట్టిదే ఇచ్చట మేలు చేయుచున్నది.

రెప్పలు కొట్టుట, భుజ మెగురవేయుట, గొంతు సకిలించుట మొదలగునవి టిక్కులు. ఇవి ఐదారేండ్ల వయసున పుట్టి, చాలమందికి యౌవనమునాటికి తగ్గిపోవును. కుఱ్ఱవాడు కొంతసేపు బిగబట్టి ఆపగలడు. అందుచేతనే పెద్దలు దీనిని కొంటెతన మందురు. తుమ్మును సయితము కొంతసేపు ఆపవచ్చును గదా! కసరినకొలది ఇవి పెరుగును. కొందరికి వ్రాయునపుడు మాత్రమే వ్రేళ్లు కలముమీద బిగిసి మెలిపడును. ఇతర పనులకు అదే చేయి చక్కగా వంగును. లేఖకుల ఈ బాధను ఇటలీ వైద్యుడు రామజ్జిని 1713 నాటికే వ్రాసియుంచెను. కాఫీ దబరా ఎత్తినపుడు వణకి, ఒడిలో పెట్టుకొనినపుడు ఆగు చేతివణకు వేఱొక వ్యాధి. ఇది పార్కిన్సను కాదు; కుటుంబములలో పరంపరగా వచ్చును; వ్రాత ఇందు చిన్నదికాక వంకరలు పోవును.

మందులవలన కూడ ఈ చెఱుపులు పుట్టును. వాంతికి, తలతిరుగుడునకు, మానసిక రోగములకు ఇచ్చు మాత్రలు కొన్ని డోపమైను పనిని అడ్డగించును. నెలలతరబడి వాడిన ముసలివారు పార్కిన్సను రోగులవలె నగుదురు. వైద్యుడు ఆ మాత్ర మానిపించిన పెక్కండ్రు తేరుకొందురు. చిన్నవయసున బిగువో వణకో వచ్చినపుడు రాగి దేహమున పేరుకొను విల్సను వ్యాధిని వెదకుట అవసరము. త్వరగా పట్టిన దీనికి మంచి చికిత్స కలదు. ఒక ప్రక్క చేయి కాలు హఠాత్తుగా విసరికొట్టినట్లు ఎగురజొచ్చిన అది మెదడులో రక్తనాళము మూసికొనుటవలననో, రక్తమున చక్కెర మిక్కుట మగుటవలననో కావచ్చును. అప్పుడు తెల్లవాఱువఱకు ఆగరాదు.

మనవంటివారికి ఇంకొక చిక్కు కలదు. ఇంటిలో తెలుగు, ఆస్పత్రిలో తమిళము. అవ్వ చెప్పినది వైద్యునికి చేర్చువాడు తఱచుగా బడికి పోవు మనుమడే. తమిళమున ‘నడుక్కం’ అనగా వణకు. మన ‘నడక’ వేఱు. “అవ్వకు నడక చెడినది” అనుమాట చెవికి ‘నడుక్కం’గా తగిలినచో వైద్యుడు కాళ్లను విడిచి చేతులను చూచును. కావున పేర్లకంటె చూచినది చెప్పుట మేలు. చేయి ఊరక యున్నపుడు వణకునా, పని చేయునపుడా? ఒక ప్రక్కనా, రెండు ప్రక్కలా? నిద్రలో ఆగునా? మెల్లగా వచ్చినదా, ఒక్కసారిగానా? ఇంటిలో మఱెవరికైన నుండెనా? గొంతునొప్పి వచ్చి ఎన్నాళ్లయినది? వాడుచున్న మాత్రల అట్టలన్నియు సంచిలో వేసికొని పోవలెను. చేతిఫోనులో ఆ కదలికను తీసి చూపిన ఇంకను మంచిది. వైద్యుని యెదుట అది రాకపోవుట కలదు, చిత్రమునకు భాషాభేదము లేదు.

ఇంటిలో చేయదగిన చిన్న పనులు కొన్ని గలవు. డోపా మాత్ర పప్పు, పాలు, గ్రుడ్డు మొదలగువానితో కలిసిన పేగులలో సరిగా ఎక్కదు. అందుచేత భోజనమునకు అరగంట ముందుగానో, గంట తరువాతనో ఇచ్చుట చాలమందికి అనుకూలము. మొదటిదినములలో డోకు వచ్చువారికి వైద్యుడు వేఱు పద్ధతి చెప్పును. మాత్రను ఒక్కసారిగా మాన్పుట ప్రమాదకరము. పార్కిన్సను రోగి గడపకడ అడుగు నేలకు అతుకుకొనినట్లు నిలిచిపోయిన చేయిపట్టి లాగకుడు, పడిపోవును. “ఒకటి, రెండు” అని తాళము వేసిన, లేదా కాలిముందు కఱ్ఱ అడ్డము పెట్టి దాటుమనిన, లేవని కాలు లేచును. వాకిటనుండి పెరటివఱకు అడ్డగీతలు గీచి పెట్టినచో వానిని దాటుచు నడువగలవారు కలరు. గీతకును గీతకును నడుమ ఆ మనిషి మునుపటి అడుగంత యెడ ముండవలెను. ముగ్గుపిండి తడిసి జాఱును గనుక రంగుతో గీచుట మంచిది.